పిల్లర్ గుంతలు తీయడానికి పోలీసు బందోబస్తు: నా అనుభవం

నవంబర్ 2024లో మొదలైన వ్యవహారం ఇది. ఏడాది తిరిగేసరికి మా ఇల్లు బేస్‌మెంట్ లెవల్‌కి వచ్చింది. ఈ మధ్యలో ఎవరు ఏ కాగితం అడిగారు, ఎక్కడ ఎన్నాళ్లు పట్టింది, ఎంత ఖర్చయింది అన్నది రాస్తున్నాను. నేను వెతికినప్పుడు సెక్షన్ నంబర్లు కావలసినన్ని దొరికాయి గానీ, పోలీస్ స్టేషన్‌లో రాతపని చూసే రైటర్ ఏం అడుగుతాడో మాత్రం ఎవరూ రాయలేదు.

మాది హైదరాబాద్ శివారులో 200 గజాల ప్లాటు. 2011లో కొన్నాం. అప్పుడది గ్రామ పంచాయతీ లేఅవుట్, తర్వాత మున్సిపాలిటీ అయింది. వెనక సర్వే నంబర్‌లో భూమి ఉన్నాయన మా ప్లాటులో వెనకవైపు నాలుగడుగులు తనదంటాడు. మాట పెరిగితే ప్లాటు మొత్తం తనదే అంటాడు. పదమూడేళ్లు నోరెత్తని మనిషి, మేం ఇల్లు కట్టుకుంటామని తెలిసిన వారంలోనే మనుషుల్ని తెచ్చి హద్దురాళ్లు పీకించాడు. బోరు వేయడానికి వచ్చిన బండిని కూడా వెనక్కి పంపించాడు.

ఆ సాయంత్రమే సేల్ డీడు, ఈసీ (ఆస్తి లావాదేవీల సర్టిఫికెట్), ఫోటోలు పట్టుకుని స్టేషన్‌కి వెళ్లాను. రిసెప్షన్‌లో పిటిషన్ తీసుకుని, స్టాంపు వేసిన కాపీ చేతికిచ్చారు. ఆ కాపీ పారేయకండి, తర్వాత కోర్టులో దాని విలువ తెలుస్తుంది. రెండు రోజులాగి ఎస్సై గారు ఇద్దర్నీ పిలిపించారు. నా సేల్ డీడు తిరగేసి పక్కన పెట్టి, మొదట అడిగిన మాట ఇది: "పర్మిషన్ ఉందా?"

నాకు అర్థం కాలేదు. నేను రాళ్లు పీకారని కంప్లయింట్ ఇస్తే ఇంటి పర్మిషన్ సంగతి ఎందుకు? అదే అన్నాను. "రాళ్లు పీకినందుకు కేసు కడతాం సార్. మీరు ఇల్లు కట్టుకునేదాకా మా కానిస్టేబుల్‌ని ప్లాటు ముందు నిలబెట్టాలంటే మాత్రం అది సివిల్ మ్యాటర్. కోర్టు నుంచి ఆర్డర్ తెచ్చుకోండి. ఆర్డర్ తెచ్చినా పర్మిషన్ లేని కట్టడానికి మేం కాపలా ఉండం" అన్నారు. అవతలాయన తరఫున వచ్చిన మనిషి ఇదే అదను అనుకుని, బోరుకి కూడా వాల్టా చట్టం కింద పర్మిషన్ కావాలి కదా సార్ అని అందించాడు. నిజమే, కావాలి. మీసేవలో అప్లై చేయాలి. బోరు బండి వాళ్లే చూసుకుంటారన్నారని మేం దాని ఊసే ఎత్తలేదు.

కేసైతే కట్టారు. కొత్త చట్టం కదా, భారతీయ న్యాయ సంహిత 329 అక్రమ ప్రవేశానికి, 324 నష్టం కలిగించినందుకు. ఒంటికి కారం రాసినట్టు మండించింది మాత్రం తర్వాతి మాట: శాంతిభద్రతల కోసం రెండు పార్టీలనూ బైండోవర్ చేస్తామన్నారు. రాళ్లు పోగొట్టుకున్నది నేను, తహసీల్దార్ ముందు పూచీకత్తు రాసివ్వాల్సింది కూడా నేనేనా? నా భార్య ఆ రాత్రంతా ప్లాటు అమ్మేద్దామని ఒకటే పోరు. ఇంత గొడవలో ఉన్న ప్లాటును ఎవరు కొంటారని నేను. చివరికి బైండోవర్ మాటల్లోనే ఆగిపోయింది.

డిసెంబర్‌లో లాయర్ దగ్గరికి వెళ్లాం. తెలిసినవాళ్లందరూ ఒకటే సలహా ఇచ్చారు, నేరుగా హైకోర్టులో రిట్ వేస్తే వారంలో పోలీసులు వచ్చి నిలబడతారని. మా లాయర్ గారు తల అడ్డంగా ఊపారు. పోలీసు రక్షణ కోసం వేసే రిట్ పిటిషన్‌లో ఆస్తి ఎవరిదో తేల్చకూడదని సుప్రీంకోర్టు 2006లోనే మురళీధరన్ కేసులో చెప్పిందట. హద్దు తగాదా కనిపించగానే సివిల్ కోర్టుకు వెళ్లమంటారు, మీ డబ్బూ నాలుగు నెలలూ పోతాయి అన్నారు. ఇంకో మాట కూడా చెప్పారు, నాకు భయం పుట్టించింది అదే. స్టేషన్ చుట్టూ తిరిగి గొడవ పెద్దది చేసుకుంటే, భూమి మీద కొట్లాట జరిగేలా ఉందని కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం నాగరిక్ సురక్షా సంహిత 164 కింద పోలీసులు రిపోర్టు పెట్టొచ్చు, పాత 145 అన్నమాట. అటునుంచి 165 దాకా వెళ్తే ప్లాటు అటాచ్ అవుతుంది, తేలేదాకా ఇద్దరూ బయటే. కాబట్టి స్టేషన్‌కి ప్రతిసారీ కాగితం మీద రాసి ఇవ్వండి, నోటితో వాదించకండి అన్నారు.

ఆయన వేసిన వరుస ఇది: ముందు పర్మిషన్, తర్వాత సూట్ (సివిల్ దావా), ఆ సూట్‌లో ఇంజంక్షన్ (మమ్మల్ని అడ్డుకోవద్దనే ఉత్తర్వు), ఇంజంక్షన్‌ని లెక్కచేయకపోతే పోలీసు సాయం ఇప్పించమని కోర్టులోనే పోలీస్ ఎయిడ్ పిటిషన్. నాకు ఇది తలకిందులుగా కనిపించింది. అడ్డుకునేవాణ్ణి వదిలేసి మున్సిపాలిటీకి డబ్బు కట్టడమేంటని అడిగాను. "రేపు జడ్జి గారు కూడా ఎస్సై అడిగిందే అడుగుతారు. అప్పుడు మీ దగ్గర జవాబు ఉండాలి. పైగా సూట్ వేశాక అప్లై చేస్తే కేసు సంగతి డిక్లరేషన్‌లో రాయాలి, ఫైలు అక్కడే నానుతుంది" అన్నారు. ఈ వరుసే మమ్మల్ని కాపాడిందని ఇప్పుడు అనిపిస్తోంది. అదే సమయంలో కేవియట్ కూడా వేయించారు, అవతలివాళ్లు మాకు తెలియకుండా స్టే తెచ్చుకోకుండా. కేవియట్ 90 రోజులే పనిచేస్తుంది, తర్వాత మళ్లీ వేయాలి. మేం రెండోసారి కూడా వేశాం.

పర్మిషన్‌కి అడ్డం ఎల్ఆర్ఎస్, అంటే అనుమతి లేని లేఅవుట్లలోని ప్లాట్లను క్రమబద్ధీకరించే పథకం. లేఅవుట్‌కి అప్రూవల్ లేదు, 2020లో వెయ్యి రూపాయలు కట్టి అప్లై చేసి వదిలేసిన లక్షలాది మందిలో మేమూ ఉన్నాం. ఫిబ్రవరి 2025లో ప్రభుత్వం 25 శాతం రాయితీ ప్రకటించింది, గడువు మార్చి 31 అన్నారు. మార్చి మధ్యలో కట్టేశాం. రెగ్యులరైజేషన్ చార్జీ, ఓపెన్ స్పేస్ కింద 14 శాతం, అన్నీ కలిపి రాయితీ పోగా మాకు అరవై వేల దగ్గర తేలింది. ప్రొసీడింగ్స్ చేతికి రావడానికి రెండు వారాలకు పైగా పట్టింది. అందరూ ఒకేసారి కట్టడంతో సర్వర్ సగం రోజులు పనిచేసేది కాదు.

తర్వాత టీజీ బీపాస్, అప్పట్లో ఇంటి అనుమతులిచ్చిన ప్రభుత్వ ఆన్‌లైన్ పోర్టల్. ఇది మాత్రం నిజంగా తేలిక. 500 చదరపు మీటర్ల లోపు ప్లాటు, పది మీటర్ల లోపు ఎత్తు అయితే సెల్ఫ్ సర్టిఫికేషన్ మీద వెంటనే అనుమతి. లైసెన్స్ ఉన్న ఇంజనీర్ ప్లాన్ గీసి అప్‌లోడ్ చేశాడు, ఆయన ఫీజు పన్నెండు వేలు. మున్సిపాలిటీ చార్జీలు కట్టిన రోజే ఆర్డర్ డౌన్‌లోడ్ అయింది. ఏప్రిల్ మొదటి వారం. అంత సులువుగా వచ్చేసరికి నాకు నమ్మకం కుదరలేదు. ఇంజనీరే చెప్పాడు, ఈ ఆర్డర్‌ని 21 రోజుల్లోపు పరిశీలించి తప్పుడు వివరాలు ఉంటే రద్దు చేసే అధికారం మున్సిపల్ కమిషనర్‌కి ఉంది, ఆ మూడు వారాలు గునపం దించకండి అని.

అవతలాయనకు ఈ సంగతి నాకంటే బాగా తెలుసు. వారం తిరగకముందే మున్సిపాలిటీలో కంప్లయింట్ పడింది, భూమి తనదని. టౌన్ ప్లానింగ్ నుంచి ఒకాయన వచ్చి కొలిచాడు. మాకు నోటీసు వచ్చింది. లింక్ డాక్యుమెంట్లు, ఈసీ, ఎల్ఆర్ఎస్ ప్రొసీడింగ్స్ జతచేసి జవాబిచ్చాం. పర్మిషన్ రద్దు కాలేదు. కానీ ఆ ఆర్డర్‌లో ఒక వాక్యం ఉంటుంది, అందరూ చదవకుండా దాటేసేది: ఈ అనుమతి వల్ల స్థలంపై యాజమాన్య హక్కు ఏర్పడదు. అవతలి లాయర్ కోర్టులో దాన్నే పైకెత్తి చదివాడు. మా లాయర్ నవ్వి, హక్కు మాకు సేల్ డీడు వల్ల వచ్చింది, పర్మిషన్ వల్ల వచ్చిందని మేమెక్కడ అన్నాం అన్నారు.

21 రోజులు పూర్తయ్యేదాకా ఆగకుండా ఏప్రిల్ మూడో వారంలో సూట్ వేయాల్సి వచ్చింది, మే నెలంతా కోర్టులకు వేసవి సెలవులు కాబట్టి. పర్మిషన్ నంబర్ రాసిన బోర్డు ప్లాటులో పెట్టిన రోజే దాన్ని విరగ్గొట్టారు. సూట్ వేయడానికి అదే తాజా కారణమైంది. ఎక్స్ పార్టీగా, అంటే అవతలివాళ్లను వినకుండానే, ఇంజంక్షన్ వస్తుందని ఆశపడ్డాం, రాలేదు. జడ్జి గారు అర్జెంట్ నోటీస్ ఇచ్చారు. అవతలివాళ్లు వకాలత్ వేసి కౌంటర్‌కి (రాతపూర్వక జవాబుకి) టైమ్ అడిగారు, సెలవులొచ్చాయి. మే నెల మొత్తం చేతులు కట్టుకుని కూర్చున్నాం. ఇళ్లు కట్టడానికి అన్నిటికంటే అనువైన నెల అదే. అడ్వాన్స్ తీసుకున్న మేస్త్రీ వేరే సైటుకి వెళ్లిపోయాడు. "మీ కేసు అయ్యాక పిలవండి సార్, వస్తా" అన్నాడు గానీ అడ్వాన్స్ ఇరవై వేల గురించి మాట్లాడలేదు, నేనూ అడగలేకపోయాను.

జూన్‌లో కౌంటర్ పడింది, వాదనలు జరిగాయి, జూలై మొదటి వారంలో తాత్కాలిక ఇంజంక్షన్ వచ్చింది. ఆ రోజు కోర్టు హాల్లో నాకు కాళ్లు ఆడలేదు. ఇంటికి ఫోన్ చేసి గెలిచాం అన్నాను. లాయర్ గారు పక్కనుంచి, "ఇంకా కాపీ రాలేదు" అన్నారు. కాపీ అప్లికేషన్ వేయాలి, ఆర్డర్ టైప్ కావాలి, స్టాంపులకు పిలవాలి, ఇవ్వాలి. పది రోజులు పైనే పట్టింది. ఈకోర్ట్స్ యాప్‌లో ఆర్డర్ కనిపిస్తుంది కదా, ప్రింట్ తీసుకుని స్టేషన్‌కి వెళ్తే రైటర్ చూడను కూడా చూడలేదు. సర్టిఫైడ్ కాపీ కావాలన్నాడు.

సర్టిఫైడ్ కాపీ, పర్మిషన్ ఆర్డర్, అప్రూవ్డ్ ప్లాన్, మూడూ ఒక ఫైలుగా పెట్టి ఎస్సై గారికీ, పైన ఏసీపీ గారికీ ఇచ్చాం. రెండు చోట్లా స్టాంపు వేయించుకున్నాం. జూలై మూడో వారంలో ముగ్గు పోసి, మార్కింగ్ చేసి జేసీబీని పిలిచాం. గంటలో మనుషులొచ్చారు. ఈసారి మగవాళ్లు కాదు. ఆడవాళ్లు ఏడెనిమిది మంది, ఒక ముసలమ్మ. వచ్చి మార్కింగ్ మధ్యలో కూర్చున్నారు. జేసీబీ డ్రైవర్ ఇంజన్ ఆపేసి కిందికి దిగాడు. డయల్ 100కి ఫోన్ చేస్తే పెట్రోలింగ్ బండి పది నిమిషాల్లో వచ్చింది, వచ్చిన ఇద్దరూ మగ కానిస్టేబుళ్లే. "మేం ఆడవాళ్ల మీద చేయి వేయలేం సార్" అన్నారు. న్యాయమైన మాటే. జేసీబీకి గంట లెక్కన డబ్బు ఇచ్చి పంపించాం.

ఇంజంక్షన్ అవతలివాణ్ణి ఉద్దేశించి ఇచ్చింది. పోలీసులకు అందులో ఆదేశమేమీ లేదు, ఎస్సై గారు అదే చూపించారు. ఉల్లంఘిస్తే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 39 రూల్ 2ఏ కింద మూడు నెలల వరకు సివిల్ జైలు ఉందని లాయర్ చెప్పారు, కానీ ఆ పిటిషన్ తేలడానికి ఏళ్లు పడుతుందని కూడా ఆయనే చెప్పారు. మాకు కావాల్సింది ఒకరిని జైల్లో పెట్టడం కాదు, పిల్లర్లు లేపడం. అందుకని అదే కోడ్ సెక్షన్ 151 కింద పోలీస్ ఎయిడ్ పిటిషన్ వేశాం, జూలై ఆఖర్లో.

దీనికీ నోటీసు, దీనికీ కౌంటర్. ఈ నోటీసు మళ్లీ ఎందుకని నాకు విసుగొచ్చింది, ఆర్డర్ తప్పినవాడికే మళ్లీ టైమివ్వడమా అని. ఇక్కడే నా స్టాంపు కాపీలు అక్కరకొచ్చాయి. నవంబర్ నాటి పిటిషన్, జూలైలో ఇచ్చినవి, డయల్ 100 కాల్ చేసిన సమయం, ఆడవాళ్లు మార్కింగ్‌లో కూర్చున్న వీడియో. వీడియో ఇవ్వాలంటే కొత్త సాక్ష్య చట్టం 63 కింద సర్టిఫికెట్ జతచేయాలని నా ఫోన్ వివరాలన్నీ రాయించి సంతకం పెట్టించారు. ఆ ఫోన్ అమ్మొద్దు, రీసెట్ చేయొద్దు అని కూడా హెచ్చరించారు. వాదనలో జడ్జి గారు రెండే అడిగారు. ఇంజంక్షన్ మీద స్టే ఏమైనా ఉందా? కట్టడం ప్లాన్ ప్రకారమేనా? అవతలివాళ్లు అప్పటికి సీఎంఏ (ఇంజంక్షన్ మీద అప్పీల్) వేశారు గానీ స్టే రాలేదు. ప్లాన్ కాపీ పైకి పంపాం.

ఆగస్టు ఆఖర్లో ఆర్డర్ వచ్చింది. పిటిషన్ రాసేటప్పుడు మా లాయర్ రెండు మాటలు పట్టుబట్టి పెట్టించారు, ఆర్డర్‌లో అవి అలాగే వచ్చాయి: మంజూరైన ప్లాన్ ప్రకారం కట్టడానికి అని ఒకటి, అవసరమైతే మహిళా సిబ్బందితో అని ఇంకొకటి. ఖర్చు ఎవరు భరించాలన్నది ఆర్డర్‌లో లేదు, కాబట్టి మేం చలానా కట్టాల్సిన పని పడలేదు. మా లాయర్ చేసిన మరో కేసులో పిటిషనర్ ఖర్చు మీద అని వచ్చిందట, అక్కడ సిబ్బందికి రోజు లెక్కన ముందే కట్టాల్సి వచ్చిందన్నారు. ఆర్డర్ చదివేటప్పుడు ఆ లైను ఉందో లేదో చూసుకోండి.

ఆర్డర్ తీసుకుని స్టేషన్‌కి పరుగెత్తితే, ఎస్సై గారు క్యాలెండర్ వైపు చూపించారు. వినాయక నవరాత్రులు. సెప్టెంబర్ 6న నిమజ్జనం అయ్యేదాకా ఒక్క మనిషిని కూడా ఇవ్వలేమన్నారు. పైగా రైటర్ కొత్త ప్రశ్న వేశాడు, అవతలివాళ్లు అప్పీల్ వేశామని కాగితం ఇచ్చారు కదా, ఎలా అని. అప్పీల్ వేస్తే స్టే వచ్చినట్టు కాదని మా లాయర్ లెటర్‌హెడ్ మీద రాసిచ్చి, అప్పీల్ కోర్టు డాకెట్ (ఏ వాయిదాలో ఏం జరిగిందో రాసే షీటు) కాపీ జతచేశాక ఫైలు కదిలింది. ఈ లోపు వానలు. జూలైలో మొదలుపెట్టి ఆపేసిన ఒకే ఒక్క గుంత నిండిపోయి చెరువైంది.

బందోబస్తు సెప్టెంబర్ రెండో వారం దాటాక దొరికింది. నేను ఊహించుకున్నది వేరు. జీపు, ఎస్సై, పదిమంది పోలీసులు అనుకున్నాను. వచ్చింది ఒక ఏఎస్సై, ఇద్దరు కానిస్టేబుళ్లు, పక్క స్టేషన్ నుంచి ఇద్దరు మహిళా కానిస్టేబుళ్లు. ఏఎస్సై గారు రాగానే పర్మిషన్ బోర్డు ఏదన్నారు. కొత్తది చేయించి ఉంచాం కాబట్టి సరిపోయింది. తర్వాత ప్లాన్ చేతిలో పట్టుకుని టేపు తెప్పించి, సెట్‌బ్యాక్ (హద్దు నుంచి వదలాల్సిన ఖాళీ) దగ్గర మా మార్కింగ్‌ని కొలిపించారు. వెనకవైపు ఒక పిల్లర్ మార్కింగ్ ఆరంగుళాలు బయటికి ఉంది, మేస్త్రీ కుర్రాళ్లు వాన తర్వాత మళ్లీ ముగ్గు పోసినప్పుడు జరిగింది. అది లోపలికి జరిపాకే జేసీబీ స్టార్ట్ చేయనిచ్చారు. ఇసుక ట్రాక్టర్ రోడ్డు మీద దించితే తీయించారు. అవతలివాళ్లకు ఒక్క సాకు కూడా దొరకకూడదు సార్, రేపు కోర్టులో జవాబు చెప్పేది మేం అన్నారు. నాకు మొదట చిరాకేసింది, మా రక్షణకు వచ్చి మమ్మల్నే తనిఖీ చేస్తున్నారని. సాయంత్రానికి ఆయన పద్ధతే సరైనదని ఒప్పుకున్నాను.

ఆడవాళ్లు వచ్చారు. మహిళా కానిస్టేబుళ్లు వాళ్లతో చాలాసేపు మాట్లాడారు, ఆర్డర్ తెలుగులో చదివి వినిపించారు. ముసలమ్మ శాపనార్థాలు పెట్టింది. ఎవరినీ లాగలేదు, కొట్టలేదు. మధ్యాహ్నానికి వెళ్లిపోయారు. ఆ ముసలమ్మ కళ్లల్లోకి నేను చూడలేకపోయాను, ఆమెను ఎండలో తెచ్చి కూర్చోబెట్టిన మనిషి మాత్రం రోడ్డు చివర కారులోంచి దిగలేదు.

గుంతలు తీసి, ఫుటింగ్‌లు (పిల్లర్ల పునాదులు) వేసేదాకా బందోబస్తు ఉంది, అదీ రోజంతా కాదు. మొదటి రెండు రోజులు పూర్తిగా, తర్వాత ఉదయం ఒకసారి, సాయంత్రం ఒకసారి వచ్చి బుక్కులో సంతకం పెట్టి వెళ్లేవారు. అందుకని పనిని మేం తక్కువ రోజులకు కుదించాం: గుంతలు, బెడ్, స్టీలు, కాంక్రీటు ఒకదాని వెంట ఒకటి ఆగకుండా. రెడీమిక్స్ ఖర్చెక్కువ అని తెలిసీ అదే తెప్పించాం. బతుకమ్మ పండుగకు కూలీలు ఊళ్లకు వెళ్లేలోపు ఫుటింగ్‌లు పూర్తయ్యాయి. ప్లింత్ బీమ్ దసరా తర్వాత వేశాం, అప్పటికి ఎవరూ రాలేదు.

డబ్బు లెక్క: లాయర్ గారికి సూట్‌కి నలభై వేలు, పోలీస్ ఎయిడ్‌కి పదిహేను, సీఎంఏలో హాజరుకు ఇంకో పదిహేను. కాపీలు, నోటరీ, కేవియట్లు, తిరుగుళ్లు కలిపి పాతిక దాకా. పోయిన మేస్త్రీ అడ్వాన్స్, వృథా జేసీబీ వేరు. అన్నిటికంటే పెద్ద ఖర్చు ఏడాది ఇంటి అద్దె, దాన్ని ఏ కోర్టు ఖర్చుల్లోనూ వేయరు. స్టేషన్‌లో ఎవరైనా డబ్బు అడిగారా అని అందరూ అడుగుతున్నారు. మా స్టేషన్‌లో అడగలేదు.

వెనక ప్రహరీ మాత్రం ఇంకా కట్టలేదు. ఆ నాలుగడుగుల గొడవ తేల్చడానికి అడ్వొకేట్ కమిషనర్‌ని (కోర్టు తరఫున స్థలం చూసి రిపోర్టు ఇచ్చే లాయర్‌ని) వేసి సర్వేయర్‌తో కొలిపించమని మేమే పిటిషన్ వేశాం, అది పెండింగ్‌లో ఉంది. ప్రహరీ కూడా ప్లాన్‌లో ఉంది కదా, బందోబస్తు ఇవ్వండని ఏఎస్సై గారిని అడిగితే, హద్దు కొలిచే పిటిషన్ మీరే వేసి హద్దు మీద గోడ కడతామంటే ఎలా సార్ అన్నారు. పోలీస్ ఎయిడ్ అవసరం ప్రస్తుతానికి తీరిందని స్టేషన్‌లో ఒక కాగితం రాసివ్వమన్నారు. "ప్రస్తుతానికి" అన్న మాట ఉండేలా లాయర్ గారే రాసిచ్చారు, దాని మీదా స్టాంపు వేయించుకున్నాను. ఇది రాసేనాటికి సూట్ తర్వాతి వాయిదా జనవరి 2026లో ఉంది.